కొట్టేసిన తొమ్మిది మంగళవారాలు

మాస్టారు పొద్దున్నే లేచి, స్నానం చేసి, దేవుడి పటానికి దణ్ణం పెట్టుకుని, ఆ తర్వాత వార్తాపత్రికను శిక్షించేవారు. చదివేవారు అనడానికి వీల్లేదు. చదివేవాళ్ల చేతిలో ఎర్ర పెన్సిలు ఉండదు. కుర్చీలో వెన్ను నిటారుగా పెట్టి కూర్చుని, మొదటి పేజీ పైమూల నుంచి చివరి పేజీ కిందిమూల దాకా దిద్దుకుంటూ వచ్చేవారు. ఒత్తు జారిన చోట సున్న చుట్టేవారు. రెండుసార్లు పడ్డ మాటను కొట్టేసేవారు. మంత్రిగారి ప్రసంగంలో క్రియాపదం కనబడకపోతే పక్కన ప్రశ్నార్థకం పెట్టేవారు. ఇరవై ఏడేళ్లుగా ఈ సేవ జరుగుతోంది. ఆ సంగతి పత్రికవాళ్లకు ఇంతవరకూ తెలియదు. వాళ్లు తప్పులు వెయ్యడం మానలేదు, ఈయన దిద్దడం మానలేదు. లోకంలో చాలా సేవలు ఇలాగే నడుస్తుంటాయి.

దిద్దడం అయ్యాక ఆ పత్రికను మడిచి ఎదురింటి గుమ్మంలో పెట్టేవారు. ఎదురింట్లో ఉండేది రిటైరైన నర్సమ్మ. "మీరు దిద్దాక చదివితేనే వార్తలు నమ్మాలనిపిస్తుంది మాస్టారూ" అనేది ఆవిడ. ఆ ఒక్క మాటతో మాస్టారికి మధ్యాహ్నం దాకా కడుపు నిండి ఉండేది. నిజానికి ఆవిడకు రెండేళ్లుగా చిన్న అక్షరాలు ఆనడం లేదు. పెద్దాయన మనసు చిన్నబుచ్చడం ఎందుకని, మడత విప్పి, మళ్లీ మడిచి, సాయంత్రం తిరిగిచ్చేది. మాస్టారి ఇల్లాలికి ఈ సంగతి తెలుసు. ఆవిడా చెప్పలేదు. ఇలాంటి ఉపకారాలు గుట్టుగా జరిగిపోతున్నాయి కాబట్టే పైవాడు ఇంకా ఎండా వానా వేళకు పంపిస్తున్నాడేమో.

మాస్టారు అంటే ఏ బడిలోనో పాఠాలు చెప్పినాయన కాదు. బడిలో ఉద్యోగం వచ్చేదాకా మూణ్ణెల్లు చేద్దామని ఒక ప్రెస్సులో ప్రూఫులు దిద్దడానికి చేరారు. ఆ మూణ్ణెల్లకు ఇప్పుడు ముప్ఫై ఒకటో ఏడు నడుస్తోంది. తాళాలు బాగుచేసేవాడి బల్లా, టైర్ల కొట్టూ దాటాక, రెండు మెట్లెక్కితే ఆ ప్రెస్సు. ఒకటే పొడుగాటి గది. వెనకాల మిషను, మధ్యలో జిగురు డబ్బాలతో బైండింగు బల్ల, ముందువైపు కిటికీ కింద మాస్టారి టేబులు. ఆ టేబులు మీద ప్రూఫులు ఎగిరిపోకుండా ఒక లారీ నట్టు. పక్కనే గోడవారగా కంప్యూటరు. దాని ముందు కూర్చునే ఆవిడను అందరూ టైపమ్మ అనేవారు. ముప్ఫై దాటిన మనిషి, బడికెళ్లే కూతురుంది. మూడింటికి ఆ పిల్లను బడి నుంచి తెచ్చి వాళ్ల అమ్మమ్మ దగ్గర దింపడానికి ఓ పావుగంట మాయమయ్యేది. ఆ పావుగంటా మాస్టారు ఆవిడ కుర్చీలో ఒక ప్రూఫుల కట్ట పెట్టి, ఎవరడిగినా, "ఇప్పుడే ఇక్కడుంది, కాగితాల కోసం వెళ్లింది" అనేవారు. అబద్ధమాడినందుకు సాయంత్రం దేవుడికి చెప్పుకునేవారు. మర్నాడు మళ్లీ ఆడేవారు.

ఆ ప్రెస్సులో ఒక కట్టుబాటు ఉంది. ఎర్ర గీతను ఎవరూ ప్రశ్నించకూడదు. ఎప్పుడో ఒకసారి ఎనిమిదో తరగతి సామాన్యశాస్త్రం పుస్తకంలో కప్ప జీవితచరిత్ర రెండుసార్లు పడింది. మిషను ఎక్కబోయే చివరి నిమిషంలో మాస్టారు ఆ రెండో కప్పను పట్టుకున్నారు. ఆ రోజే ఓనరుగారు గదిలో అందరినీ నిలబెట్టి, "మాస్టారు కొట్టేశారంటే కొట్టేసినట్టే. అడ్డు ప్రశ్నలొద్దు" అని ప్రకటించారు. మనిషిని పాడుచెయ్యడానికి ఇంతకన్నా మంచి బహుమతి ఉండదు. అప్పటినుంచి మాస్టారు రెండుసార్లు పడ్డవాటి కోసం వేటగాడిలా కాచుకుని ఉండేవారు.

అయితే ఈమధ్య ఓనరుగారికి ఒక అల్లుడు వచ్చాడు. చదువుకున్నవాడు, నడుముకు కొలత టేపు తగిలించుకుని తిరిగేవాడు. కిటికీ దగ్గర వెలుతురుంది, వీధిలో పోయేవాళ్లకు కనిపిస్తుంది, అక్కడ జిరాక్సు మిషను పెడితే జనం వస్తారని అతని లెక్క.

"ప్రూఫులు కంప్యూటరే దిద్దుతుంది మామయ్యా. తప్పుంటే కింద గీత పడుతుంది. ఇంకా పెన్సిళ్లేంటి?"

ఓనరుగారు మెత్తని మనిషి. మెత్తని మనుషులు కాదనలేరు, అవుననలేరు. "ఈ చేతిలో ఉన్న పుస్తకం కానీ. ఆ తర్వాత ఆ టేబులు సంగతి చూద్దాం" అన్నారు. ఆ మాట మాస్టారు వింటుండగానే అన్నారు. వినలేదన్నట్టు మాస్టారు పెన్సిలు చెక్కుకున్నారు.

చేతిలో ఉన్న పుస్తకం సస్పెన్సుగారిది.

సస్పెన్సుగారు అన్నది ప్రెస్సువాళ్లు పెట్టిన పేరు. పగలు పశువుల ఆసుపత్రిలో గుమాస్తా. గేదెలకూ దూడలకూ మందు చీటీలు రాసి, సాయంత్రాలు ఇంటికెళ్లి మనుషుల్ని చంపేవాడు. ఇరవై ఆరు నవలల్లో నూట పద్నాలుగు మందిని చంపాడు. గదిలో కూడా నల్ల కళ్లద్దాలు తీసేవాడు కాదు. హంతకులెవరైనా గుర్తుపట్టి పగ తీర్చుకుంటారని కాబోలు. ఈమధ్య చేత్తో రాయడం మానేశాడు. ఫోను ముందు కూర్చుని కథ చెబితే, అదే టైపు చేసుకుంటుంది. ఆ ఫైళ్లను టైపమ్మకు పంపేవాడు. పంపడంలో కూడా పెద్దమనసు. కిందటి నవలలో తొమ్మిదో అధ్యాయాన్ని రెండుసార్లు పంపాడు. ఆ రెండోదాన్ని పట్టుకున్నది కూడా మన మాస్టారే.

ఈ నవల గురించి చెప్పడానికి ఆయన స్వయంగా వచ్చాడు.

"ఇది మామూలు నవల కాదండీ. ఒక మంగళవారం. లాడ్జిలో హత్య. నాలుగింటికి లాడ్జి ఓనరు చచ్చిపోతాడు. ఇన్‌స్పెక్టరు ఇంటికెళ్లి పడుకుంటాడు. లేచేసరికి మళ్లీ మంగళవారమే."

"అంటే వారం తిరిగిందా?" అన్నారు ఓనరుగారు.

"తిరగలేదు. అదే మంగళవారం. మళ్లీ హత్య. మళ్లీ పడుకుంటాడు. మళ్లీ లేస్తాడు. ఇన్‌స్పెక్టరుకి తప్ప ఎవరికీ గుర్తుండదు."

"బుధవారం ఎప్పుడొస్తుందండీ?"

"అదే సస్పెన్సు."

"అయితే ఆయనకి ఆదివారం సెలవు రాదన్నమాట" అంది టైపమ్మ.

మాస్టారు మాత్రం ఇదేదీ చెవిన పెట్టలేదు. రచయితలు నోటితో చెప్పేది ప్రూఫులో ఉండదు, ప్రూఫులో ఉన్నది రచయితలు చెప్పలేరు అని ఆయన అనుభవం. అందుకని రచయిత గదిలో ఉన్నంతసేపూ పెన్సిలు చెక్కేవారు. ఆ రోజు సస్పెన్సుగారు గంటన్నర మాట్లాడాడు. పెన్సిలు సగానికొచ్చింది.

వారం తర్వాత ప్రూఫులు టేబులు మీదికి వచ్చాయి. మొదటి రెండు అధ్యాయాలూ మాస్టారు నిష్ఠగా దిద్దారు. మూడో అధ్యాయం ఇలా మొదలైంది: "అలారం మోగింది. ఇన్‌స్పెక్టరు కళ్లు తెరిచాడు. గోడమీద బల్లి క్యాలెండరు వైపు పాకుతోంది. కింద వీధిలో పాలవాడి సైకిలు గంట రెండుసార్లు మోగింది." ఆ అధ్యాయమూ దిద్దారు. నాలుగో అధ్యాయం తిప్పారు. అలారం, కళ్లు, బల్లి, సైకిలు గంట.

మాస్టారి పెదవుల మీద చిరునవ్వు పుట్టింది. అయిదు తిప్పారు. బల్లి. ఆరు. బల్లి. పన్నెండో అధ్యాయం దాకా అదే బల్లి అదే క్యాలెండరు వైపు అలుపు లేకుండా పాకుతోంది. పదమూడులో మాత్రం అలారం మోగకముందే ఇన్‌స్పెక్టరు లేచి కూర్చున్నాడు.

"మహానుభావుడు ఈసారి తొమ్మిదిసార్లు అదనంగా పంపాడు" అనుకున్నారు మాస్టారు. నాలుగు నుంచి పన్నెండు దాకా ప్రతి పేజీకీ ఈ మూల నుంచి ఆ మూలకు ఎర్ర గీత లాగారు. పైన "డబుల్, తీసెయ్యాలి" అని రాశారు. అక్షరం కూడా గుండ్రంగా వచ్చింది. రెండు రోజుల పని అరగంటలో అయిపోయింది. ఒక్క కప్పకే అంత గౌరవం దక్కితే, తొమ్మిది అధ్యాయాలకు ఎంత దక్కాలి? కిటికీ దగ్గర టేబులు ఇక ఎవరు కదుపుతారో చూద్దాం అనుకుంటూ తృప్తిగా టీ తాగారు.

టైపమ్మ ఆ కట్ట అందుకుని పేజీలు తిప్పింది.

"మాస్టారూ, ఇన్ని పేజీలా?"

"ఏం, చాలవా?"

"కాదండీ, ఇవి..."

"ఎర్ర గీత కనబడిందా?"

"కనబడింది."

"మరింకేం. నువ్వు టైపు చెయ్యమ్మా. చదవడం నా పని."

ఆవిడ ఆ నవలను పేజీలుగా అమర్చేటప్పుడే ఆసక్తిగా చదివేసింది. కానీ కట్టుబాటు కట్టుబాటే. తొమ్మిది అధ్యాయాలను పుస్తకంలోంచి తీసేసింది. పారెయ్యడానికి మాత్రం చెయ్యి రాలేదు. కంప్యూటరులో ఒక మూల దాచిపెట్టింది.

ముందుగా పది కాపీలు బైండు చేశారు. లావు పుస్తకం అనుకుని అట్ట వెయ్యడంతో, పుస్తకం వీపున ఉండాల్సిన పేరు జారి వెనక అట్ట మీదికి వెళ్లిపోయింది. "సన్నగా ఉంటే చేతికి హాయి" అన్నారు ఓనరుగారు. సస్పెన్సుగారు ఆ పది కాపీలూ బిడ్డల్లా ఎత్తుకుని ఇంటికి తీసుకెళ్లాడు. తను తెరవలేదు. మొదటి కాపీ అత్తగారి చేతిలో పెట్టాడు. ఆవిడ పొయ్యి మీద అన్నం పెట్టి చదవడం మొదలుపెట్టింది. అన్నం ఉడికేసరికి పుస్తకం అయిపోయింది.

"ఇన్నాళ్లకు ఒక్కటి బాగా రాశావు అల్లుడూ" అంది ఆవిడ. "హంతకుడు గడియారాలు బాగుచేసేవాడు. ఎందుకో, ఎలాగో చెప్పి విసిగించలేదు. ఎప్పుడూ ఇలాగే రాయి."

ఇరవై ఆరు నవలలకు ఒక్క మెచ్చుకోలు కూడా దక్కని మనిషి, ఆ మెచ్చుకోలు వినగానే పుస్తకం తెరిచాడు. తెరిచి, అలాగే చెప్పుల్లో కాళ్లు దూర్చుకుని ప్రెస్సుకు వచ్చాడు.

"నా తొమ్మిది మంగళవారాలేవి?" అని అడిగాడు గుమ్మంలోంచే. ఆసుపత్రిలో గేదెలు తప్పిపోయినవాళ్లు అడిగే గొంతు అది. "మూడో అధ్యాయంలో ఒక్కసారి కనబడి, 'కీ ఇచ్చి ఎన్నాళ్లయిందండీ' అని వెళ్లిపోయినవాడిని, నాలుగో అధ్యాయంలో ఇన్‌స్పెక్టరు పట్టుకుని, 'పదిసార్లు విన్నానురా నీ మాటలు' అంటున్నాడు. ఎప్పుడు విన్నాడండీ? ఎక్కడ విన్నాడు?"

మిషను ఆపారు. ఓనరుగారు మాస్టారి వైపు తిరిగారు. "మాస్టారూ, మీ దాకా వచ్చాయా ఆ పేజీలు?"

మాస్టారు కిటికీ వైపు చూశారు. కిటికీ పక్కన అల్లుడు నడుముకున్న టేపు సవరించుకుంటున్నాడు. సరిగ్గా అప్పుడే టైపమ్మ కుర్చీలోంచి లేచింది. లేస్తూ లేస్తూ, కుర్చీ పక్కన నేలమీదున్న ఎర్ర గీతల ప్రూఫుల కట్టను కాలితో టేబులు కిందికి తోసింది. అది మాస్టారు చూశారు.

"నాదే తప్పండీ. పేజీలు అమర్చేటప్పుడు ఆ ఫైళ్లు పక్కకు పోయాయి. మాస్టారి దాకా రానేలేదు."

ఆ క్షణంలో నోరు విప్పాల్సిన మనిషి కళ్లజోడు తీసి తుడుచుకున్నారు. చాలా శుభ్రంగా తుడుచుకున్నారు.

"చూశారా మామయ్యా" అన్నాడు అల్లుడు. "కిటికీ సంగతి తర్వాత. ముందు ఈ కంప్యూటరు మూల ఖాళీ చేయిద్దాం. జిరాక్సు మిషను అక్కడా పడుతుంది. టైపు నేను బయట చేయించుకొస్తాను."

"రేపు పొద్దున చెబుతాను" అన్నారు ఓనరుగారు. ఆయనకు అన్నీ రేపు పొద్దునే. "అమ్మాయ్, ముందు ఆ తొమ్మిదీ మళ్లీ తీసి మాస్టారికియ్యి. రేపటికల్లా దిద్దాలి."

టైపమ్మ తీసిచ్చింది. కట్ట చేతిలో పెడుతూ, "మీకు బస్సు టైమైంది మాస్టారూ" అంది, మామూలుగా. తిట్టి ఉంటే మాస్టారికి ప్రాణం కొంత తెరిపిన పడేది.

ఇంట్లో ఇల్లాలు ఉతికిన బట్టలు మడతలు పెడుతోంది. రోజూ అడిగే ప్రశ్నే అడిగింది. "ఇవాళ ఏం కొట్టేశారు?"

రోజూ మాస్టారు దానికి "ఊఁ" అనేవారు. ఆ రోజు, "తొమ్మిది రోజులు" అన్నారు.

"ఎవరివి?"

"ఒక ఇన్‌స్పెక్టరువి."

"అయ్యో. ఆయన ఉద్యోగం పోయిందా?"

"ఆయనది పోలేదు. టైపమ్మది పోయేట్టుంది."

అని మొత్తం చెప్పారు. కాలితో కట్టను తోసిన ముక్క దగ్గర ఆగి, మళ్లీ చెప్పారు. ఆవిడ విని, తువ్వాలు మడత సరిచేసి, "చదవకుండానే కొట్టేశారా?" అంది.

"మొదటి పేరా చదివాను. అన్నిట్లోనూ అదే."

"ముప్ఫై నాలుగేళ్లుగా మీకు అదే గ్లాసులో అదే టీ ఇస్తున్నాను. నా జోలికి ఎర్ర పెన్సిలు రాలేదంటే నా అదృష్టమే."

"అది వేరు."

"ఏం వేరు? మొన్న గురువారం అల్లం దంచి వేశాను, దగ్గుతున్నారని. తెలిసిందా?"

మాస్టారు నిజాయితీగా ఆలోచించారు. "దగ్గు తగ్గింది" అన్నారు.

"సరే, తగ్గడం తెలిసింది. ఎలా తగ్గిందో వచ్చే అధ్యాయంలో తెలుస్తుంది లెండి."

ఆవిడ మడిచిన బట్టలు లోపల పెట్టి వచ్చింది. కట్ట పెట్టుకోవడానికి బల్ల ఖాళీ చేసి, దీపం దగ్గరికి జరిపింది.

మాస్టారు నాలుగో అధ్యాయం కసిగానే మొదలుపెట్టారు. అలారం, బల్లి, సైకిలు గంట. ఆ తర్వాత లాడ్జి. ఇన్‌స్పెక్టరు తలుపు దగ్గర కాపలా ఉన్నాడు. నాలుగింటికి లాడ్జి ఓనరు చచ్చిపోయాడు. అయిదో అధ్యాయంలో గదికి తాళం వేశాడు, అయినా ఓనరు చచ్చిపోయాడు. ఆరో అధ్యాయంలో లాడ్జి ఓనరును ఏకంగా పక్క వీధికి పంపేశాడు, అక్కడికెళ్లి చచ్చిపోయాడు. చావడంలో అంత పట్టుదల ఉన్న మనిషిని మాస్టారు ఎన్నడూ చూడలేదు. ఊడ్చే మనిషి ప్రతిసారీ, "కాళ్లు తియ్యండి బాబూ" అంటుంది. ప్రతిసారీ అదే మాట. లాడ్జి గుమాస్తా, "గది కావాలాండీ" అంటాడు. ప్రతిసారీ అదే. గోడ గడియారం బాగుచెయ్యడానికి వచ్చినవాడు మాత్రం ఒకసారి, "కీ ఇచ్చి ఎన్నాళ్లయిందండీ" అన్నాడు. ఇంకోసారి, "ఈ గడియారం ఇక నడవదండీ" అన్నాడు. మరోసారి, "టైముదేముందండీ" అన్నాడు.

ఏడో అధ్యాయం మధ్యలో మాస్టారి వేలు ఆగిపోయింది. అందరూ అదే మాట అంటున్నప్పుడు వీడి మాట ఎందుకు మారుతోంది? వీడికీ నిన్నటి మంగళవారం గుర్తుందన్నమాట. గుర్తున్నవాడే హంతకుడు. ఆ ఒక్క తేడా కోసం పెద్దమనిషి తొమ్మిది అధ్యాయాలు రాశాడు. ఆ తొమ్మిదికీ తను అరగంటలో గీత పెట్టారు.

వెనక్కి వెళ్లి మళ్లీ మొదటినుంచి, ఈసారి ఒక్కొక్క అక్షరం మీద పెన్సిలు మొన ఆనించి చదివారు. చదవగా ఏడో మంగళవారంలో ఇంకోటి దొరికింది. దాన్ని నాలుగుసార్లు చూశారు. కొట్టెయ్యలేదు. పక్కన చిన్న ప్రశ్నార్థకం పెట్టి ఊరుకున్నారు.

భోజనానికి ముందు దేవుడి పటం దగ్గర నిలబడితే, రోజూ చెప్పుకునే నాలుగు వాక్యాలే నోటికొచ్చాయి. మొదటి వాక్యం అనగానే మిగతా మూడింటినీ ఎన్నేళ్లుగా చదవకుండా దాటేస్తున్నారో ఆయనకు ఆ పూట తెలిసింది. మళ్లీ మొదలుపెట్టి, ఆగి ఆగి చెప్పుకున్నారు. మూడో వాక్యంలో "తప్పు ఒప్పుకునే ధైర్యమియ్యి" అని ఉంది. అది అక్కడ ఉందనే ఆయన మర్చిపోయారు.

మర్నాడు ప్రెస్సు మెట్లెక్కేసరికి అల్లుడు కంప్యూటరు మూలను టేపుతో కొలుస్తున్నాడు. టైపమ్మ తన సామాను సంచిలో పెట్టుకుంటోంది. పెద్ద సామానేం లేదు. ఒక దువ్వెన, టిఫిను డబ్బా, గోడకు అంటించుకున్న కూతురి బొమ్మ. బొమ్మ అంచులు చిరగకుండా గోటితో మెల్లగా ఊడదీస్తోంది. ఓనరుగారు ఆ వైపు చూడలేక కాగితాల రీములు లెక్కపెడుతున్నారు. సస్పెన్సుగారు నల్ల కళ్లద్దాలతో కుర్చీలో ఉన్నాడు.

"ఆ మూల కొలవకు బాబూ" అన్నారు మాస్టారు. "కొలవాల్సింది కిటికీ దగ్గర."

అల్లుడు టేపు వదిలేశాడు. అది చుట్టుకుపోయిన చప్పుడు గదంతా వినబడింది.

"ఆ పేజీలు నా దాకా వచ్చాయి. ఈ అమ్మాయి తప్పేం లేదు. నేనే కొట్టేశాను." ఇంతవరకూ బాగానే చెప్పారు. తర్వాతి మాట కళ్లజోడు తుడవకుండా చెప్పారు. "చదవకుండా కొట్టేశాను."

"మాస్టారూ, మీరెందుకండీ..." అంది టైపమ్మ.

"నువ్వు టైపు చెయ్..." అని అలవాటుగా అనబోయి, "కాసేపు ఊరుకో తల్లీ" అన్నారు. వంగి, టేబులు కిందనుంచి ఆ ఎర్ర గీతల కట్ట బయటికి లాగి ఓనరుగారి ముందు పెట్టారు.

సస్పెన్సుగారు లేచి నిలబడ్డాడు. "కొట్టేసినందుకు కాదండీ నా బాధ. చదవకుండా కొట్టేసినందుకు."

"చదివి కొట్టేసుంటే ఇంకా బాధపడేవారు" అని గొణిగాడు అల్లుడు.

"నిన్న సాయంత్రం చదివాను" అన్నారు మాస్టారు.

సస్పెన్సుగారు మెల్లగా నల్ల కళ్లద్దాలు తీశాడు. అన్నేళ్లలో ఆయన కళ్లు అక్కడ ఎవరూ చూడలేదు. చిన్న కళ్లు, నిద్రలేక ఎర్రబడి ఉన్నాయి. "ఎలా ఉంది?" అన్నాడు. నూట పద్నాలుగు మందిని చంపిన గొంతు కాదది.

"అందరూ అదే మాట అంటారు. గడియారాలవాడి మాట ఒక్కటే మారుతుంది. వాడికి గుర్తుంది కాబట్టి."

"ఎన్నో మంగళవారంలో పట్టుకున్నారు?"

"అయిదో మంగళవారం, ఏడో అధ్యాయంలో."

"ఆరులో దొరకాలని రాశాను" అన్నాడు సస్పెన్సుగారు. ముఖం మాత్రం వెలిగిపోయింది.

"కానీ ఒక సంగతి. ఏడో మంగళవారం ఊడ్చే మనిషి, 'కాళ్లు తియ్యండి బాబూ, నిన్న కూడా ఇలాగే కూర్చున్నారు' అంటోంది. ఆవిడకు నిన్న ఎలా గుర్తుందండీ? గుర్తున్నవాడే హంతకుడు గదా. ఇప్పుడు మీకు ఇద్దరు హంతకులు."

సస్పెన్సుగారు ఆ పేజీ అందుకుని చదివాడు. మళ్లీ కుర్చీలో కూలబడ్డాడు. "అది నేను రాయలేదండీ" అన్నాడు నీరసంగా. "ఫోనుకు కథ చెబుతున్నప్పుడు మా ఇంట్లో ఊడ్చే ఆవిడ నన్ను అన్న మాట అది. ఫోను దాన్నీ ఎక్కించేసింది."

అల్లుడు పట్టు వదల్లేదు. ఆ పేజీ కంప్యూటరులో తెరిచి తప్పులు వెతకమన్నాడు. కంప్యూటరు వెతికింది. వాక్యంలో అక్షరాలన్నీ సరిగ్గా ఉన్నాయి. ఏ గీతా పడలేదు. లాడ్జిలో ఇద్దరు హంతకులున్నా దానికేం అభ్యంతరం లేకపోయింది.

న్యాయం గెలిచింది అని రాస్తే బాగుంటుంది గాని, గెలిచింది సస్పెన్సుగారి భయం. ఊడ్చే మనిషి సంగతి బయటికి పొక్కితే పరువేమవుతుందో ఆయనకు వెంటనే తోచింది. "ఈ టేబులు ఇక్కడుంటేనే నా తర్వాతి నవల ఇక్కడికొస్తుంది" అన్నాడు కళ్లద్దాలు మళ్లీ పెట్టుకుంటూ. ఓనరుగారికి కాదనలేని మనిషి ఇంకొకరు దొరికారు. జిరాక్సు మిషను బైండింగు బల్ల పక్కకు పోయింది. ఆ రోజునుంచి బైండరు అడ్డంగా నడవడం నేర్చుకున్నాడు.

"ఇద్దరూ ఉండండి" అన్నారు ఓనరుగారు. "కాని మాస్టారూ, ఇంకోసారి మాత్రం ఇలా జరక్కూడదు."

"జరుగుతుందండీ" అన్నారు మాస్టారు.

ఓనరుగారు రీముల లెక్క మర్చిపోయారు.

"కన్ను అలవాటుపడిపోయింది. మొదటి పేరా చూడగానే మిగతాదంతా తెలుసనుకుంటోంది. నా ఒక్కడి కన్ను మీద వదిలేస్తే మళ్లీ జరుగుతుంది."

అని ఆయన తన కుర్చీని కిటికీ దగ్గర్నుంచి ఈడ్చుకుంటూ కంప్యూటరు పక్కకు తెచ్చుకున్నారు. టైపమ్మ సంచిలోంచి బొమ్మ తీసి, మళ్లీ గోడకు అంటిస్తోంది. మాస్టారు కూర్చుని, ఏడో మంగళవారం పేజీని ఆవిడ ముందు పెట్టారు. ముప్ఫై ఒక్క ఏళ్లలో ఆ గదిలో ఎవరినీ ఏదీ అడగని మనిషి, ఎలా మొదలుపెట్టాలో తెలియక రెండుసార్లు గొంతు సవరించుకున్నారు.

"అమ్మా, రోజూ ఒక గంట నాకు పైకి చదివి పెడతావా? నువ్వు చదువుతుంటే నేను ప్రూఫులో చూసుకుంటాను. మధ్యలో నేను, 'ఇది తెలిసిందే, దాటెయ్' అంటాను. తప్పకుండా అంటాను. నా మాట వినకు. చదువుతూనే ఉండు."